ఎక్కదగ్గది కాదు

ఏలూరు రోడ్డులో మా పాత పుస్తకాల కొట్టుకి
కిలోల లెక్కన వచ్చిన గోతంలో దొరికాడు హార్గ్రీవ్ దొర.
అట్ట సగం చెద తినేసింది.
లోపల మంచు మాత్రం చెక్కుచెదరలేదు.

ఏప్రిలెండ. ఫ్యాను తిరుగుతోంది గానీ
గాలిని తన దగ్గరే దాచుకుంటోంది.
కూడబలుక్కుంటూ చదివాను.
నా ఇంగ్లీషు ఇంటర్ దగ్గరే ఆగిపోయిన పాసింజరు.

దొరకి ఇరవై ఎనిమిదేళ్ళు.
వాళ్ళ దేశంలో కొండలు అయిపోయాయో ఏమో
ఓడెక్కి, మద్రాసులో దిగి,
రైల్లో పైకి, ఇంకా పైకి, హిమాలయాలకి బయల్దేరాడు
ఇరవై రెండు పెట్టెలతో.
అందులో ఒక పెట్టె నిండా నారింజతొక్కల మురబ్బా.

నలభై ఒకటో పేజీలో మా ఊరుంది!
ఇంజను చెడి, ఒక పూటంతా స్టేషన్లో ఇరుక్కున్నాడు.
రాసింది నాలుగే ముక్కలు:
"బెజవాడ. భరించలేని ఎండ.
వెనకాల ఏదో కొండ ఉంది. ఎక్కదగ్గది కాదు."

కోపం రాలేదు. నిజం చెప్పాలంటే
మా ఊరు అచ్చులో కనబడ్డందుకు ముందు సంతోషమే వేసింది.
తర్వాతే బయటికొచ్చి ఆ కొండకేసి చూశాను.
నీలం, గులాబీ, సున్నం పడని ఇటుక,
ఇంటి నెత్తిన కాలు పెట్టి ఇల్లు ఎక్కుతోంది.
నీళ్ళబిందె చంకనేసుకున్న ఒకావిడ మలుపు దగ్గర ఆగి
ఆయాసం తీర్చుకుంటోంది.
ఏ పటంలోనూ లేని మొదటి మజిలీ అది.

పుస్తకం చివర పదాల పట్టిక.
మంచుగొడ్డలి, పద్నాలుగు చోట్ల.
టీ, తొమ్మిది.
కూలీలు: "బరువులు" అన్నచోట చూడుడు.
చూశాను.
గుడారాలకీ కిరసనాయిలుకీ మధ్య ఉన్నారు.

శిఖరం కింద తీసిన ఫోటోలో ఐదుగురు.
ఎడమ నుంచి కుడికి నాలుగు పేర్లు, బిరుదులతో సహా.
ఐదోవాడు నిలబడ్డ చోట చుక్క కూడా లేదు.

నూట అరవయ్యో పేజీలో మంచు విరిగిపడి
ఇద్దరు మోతగాళ్ళు పోయారు.
అదే వాక్యంలో, కామా తర్వాత,
మురబ్బా పెట్టె కూడా పోయింది.
దాని గురించి ఇంకో పేరా ఉంది.

దొరని తిడదామని నోరు తెరిచాను.
నా కింద పరుచుకున్న పేపరు, పోయిన వానాకాలంది:
కొండచరియ జారి నలుగురు మృతి.
పేర్లున్నాయేమోనని వెతికితే
"మిగతా ఏడో పేజీలో" అని ఉంది.
ఏడో పేజీలో ఎవరో బజ్జీలు కట్టి ఇచ్చేసినట్టున్నారు.

సాయంత్రం ఇన్నయ్య వచ్చాడు.
క్రీస్తురాజపురం కొండమీదికి గ్యాస్ బండలు మోస్తాడు.
ఏం పనయ్యా అంటే, బండ మీదికి బండ, అంటాడు.
మూడొందల పన్నెండు మెట్లు,
మధ్యలో రెండు చోట్ల ఉత్త రాయి.

ఫోటో చూపించాను. మొహాలు చూళ్ళేదు.
ఐదోవాడి నుదుటి తాడు మీద వేలు పెట్టి,
"తలకేసి లాగుతున్నాడు, మెడ నరాలు పోతయ్యన్నా.
తుండుగుడ్డ మడతేసి భుజానికెత్తుకోవాల" అన్నాడు,
ఇప్పుడే వెళ్ళి చెప్పొచ్చేవాడిలా.

"పైకెళ్ళి ఏం చేశారంట?"
జెండా పాతి, ఫోటో తీసుకుని, దిగొచ్చారన్నాను.
"ఉత్త చేతుల్తోనా?"
అవునన్నాను.
టీ గ్లాసు తిప్పుతూ కాసేపు ఆలోచించాడు.
"మాకు దిగేప్పుడు ఖాళీ బండ ఉంటది."

అతను వెళ్ళాక పెన్సిలు తీసి
నలభై ఒకటో పేజీ అంచున రాశాను:
ఇన్నయ్య. రోజుకి పదకొండుసార్లు. ఇదే ఎండలో.

మర్నాడు ఎవరో లెక్చరరు
బేరమాడి నూటిరవైకి పట్టుకుపోయాడు.
చెరపడం మర్చిపోయాను.
అడిగితే అలాగే చెప్తాను.